గోడ అవతలి ‘వస్త’

ఆ కరోనా ఏడాది వసంతంలో నేను తెలుగు మాట కోసం ఎంత మొహం వాచి ఉన్నానంటే, పక్క ఫ్లాటులో ఒక బెల్జియం మనిషి ఫోన్లో వాళ్ల భాష మాట్లాడుకుంటుంటే మనవాడే అనుకున్నాను.

మా ఆవిడ, ఆరేళ్ల మా పాప ఫిబ్రవరిలో హన్మకొండ వెళ్లారు, మా బావమరిది పెళ్లికి. నాకు సెలవు దొరకలేదు. పెళ్లయ్యాక పది రోజులుండి వచ్చేస్తామన్నారు. వాళ్లు తిరిగి రావడానికి బట్టలు సర్దుకునేలోపే ఇక్కడ బడులు మూసేశారు, అక్కడ విమానాలు ఆపేశారు. ఐర్లండులో, టాలట్‌లో, మూడో అంతస్తు ఫ్లాటులో నేనొక్కణ్ణే మిగిలాను. అంతకుముందు పొద్దున్నే లువాస్ ఎక్కి డాక్‌ల్యాండ్స్‌లో ఆఫీసుకు పోయేవాణ్ణి, ట్రామ్ నిండా జనమని రోజూ విసుక్కునేవాణ్ణి. ఇప్పుడు వంటగదిలో బల్ల మీద లాప్‌టాప్ పెట్టుకుని, నా మొహం నేనే ఒక మూల చిన్న డబ్బాలో చూసుకుంటూ మీటింగులు. మా పాప వెళ్లేముందు వంటింటి అల్మరా తలుపు మీద అతికించిన కార్టూన్ స్టిక్కరు ఒక్కటే నన్ను చూసి నవ్వేది. ఆ అల్మరాను అది ‘ప్రెస్’ అంటుంది, ఐరిష్ పిల్లల్లాగే. నేను కూడా దాన్ని ప్రెస్ అనడం మొదలుపెట్టాను, ఇంట్లో వినేవాళ్లు లేకపోయినా.

పక్క ఫ్లాటులోంచి రోజూ మధ్యాహ్నం గోడకు దబ్బు దబ్బుమని ఒక చప్పుడు. ఒక పద్ధతిగా, ఆగకుండా. నాకు కోపం ముక్కు మీద ఉంటుందని మా ఆవిడ ఊరికే అనదు. మీటింగు మధ్యలో మైకు ఆపేసి, అట్లకాడ తీసుకుని గోడను నేనూ వాయించేవాణ్ణి. అవతల ఆగేది. మర్నాడు మళ్లీ మొదలు. ఆ మనిషెవరో నాకు తెలియదు, చూడలేదు. చూడకుండానే తిట్టుకోవడానికి ఒకడు దొరికాడు.

ఒక సాయంత్రం బాల్కనీలో బట్టలు ఆరేస్తున్నాను. మా రెండు బాల్కనీలకూ మధ్య మసక అద్దం పలక ఒకటి అడ్డం. దాని అవతల మగ గొంతు ఫోన్లో ఏదో చెబుతోంది. మాటలు తెలియడం లేదు. ఉన్నట్టుండి ‘వస్త’ అంది. కాసేపాగి మళ్లీ ‘వస్త, వస్త’ అని గట్టిగా అంది.

మా వైపు ఎవరింట్లోంచైనా లేచేటప్పుడు ‘పోత’ అనరు. అంటే పెద్దవాళ్లు నోరు మూయించి మళ్లీ చెప్పిస్తారు. ‘వస్త’ అనాలి. పోతున్నవాడు కూడా వస్తాననే చెప్పి పోవాలి. ఆ మాట సరిగ్గా మా ఊరి యాసలో, చివర సాగదీయకుండా, అడ్డం అవతల వినబడేసరికి నా చేతిలో తడి చొక్కా కింద పడిపోయింది. అతని ఫోను అయ్యేదాకా ఆగాను. అయ్యీ కాకముందే అద్దం మీద తట్టి, "అన్నా, మనోళ్లేనా? ఏ ఊరు మీది?" అన్నాను.

అద్దం పైనుంచి ఒక తల లేచింది. ఎర్రటి గడ్డం, తెల్లటి మొహం, ఆ పలక కంటే జానెడు ఎత్తున్న మనిషి. నేను గోడ చప్పుడు గురించి పోట్లాటకు వచ్చాననుకుని ఇంగ్లిషులో వరసగా క్షమాపణలు చెప్పేశాడు. బయట మైదానాలన్నీ మూసేశారనీ, మోకాలికి పని లేకపోతే బిగుసుకుపోతుందనీ, గోడకు మెత్తటి బంతే తన్నుతున్నాననీ అన్నాడు. నేను బంతి సంగతి పక్కనపెట్టి, ఇందాక ఫోన్లో ఏమన్నావని అడిగాను. అతనికి అర్థం కాలేదు. నేనే ఆ మాట పలికి చూపించాను.

అది వాళ్ల డచ్ మాట. ఖాయమైనది, కదలనిది అని అర్థమట. అతను ఫుట్‌బాల్ ఆటగాడు. తన ఏజెంటుతో మాట్లాడుతూ, జట్టులో ఒక ఖాయమైన చోటు గురించి అడుగుతున్నాడు. మరి మీ భాషలో ఏమిటని అడిగితే, వెళ్లేటప్పుడు చెప్పే మాట అన్నాను. అతను నవ్వాడు.

"పోయేటప్పుడు ‘ఖాయం’ అంటారా మీరు?"

నేనూ నవ్వాను. లోపలికి వచ్చి తలుపు వేసుకున్నాక మాత్రం నవ్వు నిలవలేదు. గోడకు అవతల మా భాష మనిషి ఉన్నాడని నమ్మింది అయిదు నిమిషాలే. ఆ అయిదు నిమిషాల్లో అతనికి పప్పుచారు పోసి కూర్చోబెట్టడం దాకా వెళ్లిపోయాను. మంచం అంచున కూర్చుని చాలాసేపు ఏడ్చాను. ఎవరూ పోలేదు, ఎవరికీ జబ్బు చేయలేదు. అయినా ఏడుపొచ్చింది.

ఆ తర్వాత రోజూ సాయంత్రాలు బాల్కనీలో కలిసేవాళ్లం. అద్దం పలకకు అటొక కుర్చీ, ఇటొక కుర్చీ. ఇంటికి రెండు కిలోమీటర్ల లోపే తిరగాలని పోలీసు గార్డులు రోడ్ల మీద కాపలా కాస్తున్న రోజులు. ఎదురుగా అతని క్లబ్బు మైదానం. అంటే మైదానమంతా కాదు, మధ్యలో ప్రేక్షకుల స్టాండు అడ్డం వచ్చి ఒక మూల మాత్రమే కనబడేది. ఒక కార్నర్ జెండా, దాని పక్కన నాలుగు మంచాల మేర గడ్డి. దాన్ని చూపించి, నా ఆఫీసు అదీ అనేవాడు.

నాకు ఫుట్‌బాల్ తెలియదు. మొదటిరోజే ఇప్పటిదాకా ఎన్ని గోల్స్ కొట్టావని అడిగాను. క్రికెట్ వాణ్ణి కదా, పరుగులడిగినట్టు అడిగేశాను. అతను డిఫెండరు. గోల్స్ కొట్టడం తన పని కాదని, కొట్టనివ్వకపోవడం తన పని అని ఓపిగ్గా చెప్పాడు. కొట్టినవాటిలో బాగా గుర్తున్నది ఒకటి ఉందిగానీ అది పొరపాటున సొంత జట్టు గోల్‌లోకే పోయిందన్నాడు. తను బాగా ఆడిన రోజున ఏమీ జరగదట. ఏమీ జరగని రోజున ఎవరూ తనని గమనించరట. ఇది నాకు వెంటనే ఎక్కింది. నాది ప్రొడక్షన్ సపోర్టు పని. సర్వర్లు నడుస్తున్నన్నాళ్లూ నేను బతికున్నానో లేదో మా మేనేజరుకు పట్టదు. పడిపోయిన రోజున మాత్రం నా పేరు అందరికీ తెలుస్తుంది.

అతని కథ ఒక్కరోజులో చెప్పలేదు, ముక్కలు ముక్కలుగా చెప్పాడు. బెల్జియంలో పాల డెయిరీలున్న చిన్న ఊళ్లో పుట్టాడు. ఎనిమిదేళ్లకే ఒక పెద్ద క్లబ్బు పిల్లల జట్టులో తీసుకున్నారు, పద్దెనిమిదికి పనికిరావని పంపేశారు. అప్పట్నుంచీ రెండో డివిజను, మూడో డివిజను, పక్క దేశం, ఎండలు మండే సైప్రస్ ద్వీపం, చలి కొరికే స్కాట్లాండు. ఎక్కడైనా ఏడాదే, మహా అయితే రెండేళ్లు. ఆ ఖాయమైన చోటు, ఆ ‘వస్త’, ఎక్కడా దొరకలేదు. పెళ్లి చేసుకున్నాడుగానీ, క్లబ్బు మారే ప్రతి వేసవిలోనూ సామాన్లు సర్దలేక ఆమె ఒక వేసవిలో సర్దుకోవడం మానేసిందట. ఇది చెప్పినప్పుడు మాత్రం అద్దం అవతల మొహం కనబడకుండా వెనక్కి వాలి కూర్చున్నాడు.

ఇప్పుడతనికి ముప్పై నాలుగు. ఐర్లండు రావడానికి ముందు ఆడిన మ్యాచ్‌లో మోకాలు మెలిపడింది. స్ట్రెచర్ మీద పడుకోబెట్టి బయటికి మోసుకొచ్చారు. ఆపరేషనైంది, ఏడాది దాకా ఆడలేదు. ఈ క్లబ్బు ఒక్క సీజనుకు తీసుకుంది. జనవరిలో వచ్చాడు, కాలు కుదుటపడి బరిలోకి దిగేలోపే మార్చిలో ఆటే ఆగిపోయింది. ఇరవై ఏళ్లవాడికి ఇది చేజారిన ఒక ఏడాది అంతే, నాకు మిగిలిన ఏడాది ఇదేనన్నాడు. ఇంకో కాంట్రాక్టు వస్తుందన్న ఆశ కూడా పెద్దగా లేదు. కావలసింది ఒక్కటే.

"స్ట్రెచర్ మీద వచ్చిన మ్యాచ్ నా ఆఖరి మ్యాచ్ కాకూడదు. నా కాళ్ల మీద నేను నడిచి బయటికి రావాలి. ఒక్కసారి చాలు."

ఆ మర్నాటి నుంచి నేను అట్లకాడ ముట్టుకోలేదు. దబ్బు దబ్బుమన్న చప్పుడు మొదలైతే మీటింగులోనే మోకాలు ఎలా ఉందో అనుకునేవాణ్ణి. ఏదైనా రోజు ఆలస్యమైతే కంగారుపడేవాణ్ణి కూడా.

కలిపిన పెరుగన్నం డబ్బాలో పెట్టి అద్దం మీదుగా అందిస్తే శానిటైజరుతో డబ్బా అంతా తుడిచి పుచ్చుకునేవాడు. మొదటిసారి కడిగి ఖాళీగా తిరిగిచ్చాడు. ఇచ్చిన గిన్నె ఖాళీగా తిప్పి పంపకూడదని మా ఇళ్లల్లో పట్టింపని చెప్పాను, వేళాకోళానికే. అప్పట్నుంచి అందులో ఏదో ఒకటి వేసి ఇచ్చేవాడు. ఒకసారి రెండు గుడ్లు. ఒకసారి నా నడుం నొప్పికని కండరాలకు అతికించుకునే నీలం పట్టీ చుట్ట.

మా ఆవిడతో ఫోను కూడా బాల్కనీలోనే మాట్లాడేవాణ్ణి, లోపల గోడలు చూసి చూసి విసుగొచ్చి. మొదట్లో గంటల తరబడి మాట్లాడుకున్నాం. పోను పోను చెప్పుకోవడానికేమీ మిగల్లేదు. తిన్నవా, తిన్న. ఏం వండినవ్, పప్పు. పాపకు నా ఫోనంటే బోరు కొట్టేసింది. ఐరిష్‌వాళ్లలా ‘బై బై బై బై’ అని పరుగులాంటి గొంతుతో చెప్పేసి పారిపోయేది. చివరికి మా ఆవిడ ‘ఉంట మరి’ అనేది, నేనూ ‘ఉంట’ అనేవాణ్ణి.

ఆ మాటను అతను పట్టేశాడు. రోజూ నీ ఫోను ‘ఉంట’తో అయిపోతుంది, అది కూడా వీడ్కోలేనా అని అడిగాడు. ఎదురుగా ఉన్నప్పుడు లేచి వెళ్తూ ‘వస్త’ అంటామనీ, ఫోను పెట్టేసేటప్పుడు ‘ఉంట’ అంటామనీ చెప్పాను. పోయేవాడు వస్తానంటాడు, దూరంగా ఉన్నవాడు ఉంటానంటాడు. చెబుతుంటే నాకే కొత్తగా వినిపించింది. పుట్టినప్పట్నుంచీ అంటున్న మాటల్ని ఒక ఎర్రగడ్డపాయనకు విప్పి చెప్పాల్సివచ్చేదాకా వాటిని నేనెప్పుడూ వినలేదు. ఆ నెలల్లో నేనెవరింటికీ వెళ్లలేదు, నా ఇంటికెవరూ రాలేదు. ‘వస్త’ అనే అవసరమే పడలేదు. రోజూ ‘ఉంట’ ఒక్కటే.

ఇక్కడి ఎండాకాలం చివర్లో ఆటలు మళ్లీ మొదలుపెట్టారు, ప్రేక్షకులు లేకుండా. అతనికి గడ్డం గీసుకునే ఓపిక తిరిగొచ్చింది. రోజూ పొద్దున్నే భుజాన సంచి తగిలించుకుని పోయేవాడు. మోకాలు బాగైంది, ఆడిస్తారా అని అడిగితే కోచ్ ‘యూ ఆర్ గ్రాండ్’ అన్నాడట. ఈ దేశంలో గ్రాండ్ అంటే అవుననా, కాదనా, ఊరుకో అనా అని నన్నడిగాడు. పదేళ్లుగా ఉంటున్నా నాకూ తేలలేదని చెప్పాను.

సొంత మైదానంలో మ్యాచ్ ఉన్న శుక్రవారాలు నేను టీ కప్పుతో బాల్కనీలో కూర్చునేవాణ్ణి. నాకు కనబడే ఆ మూలే, ఆటలోకి పిలుపు కోసం బెంచీ మీద కాచుకునే ఆటగాళ్లు ఒళ్లు వేడెక్కించుకునే చోటు. పసుపు చొక్కా తొడుక్కుని అతను ఆ జెండా దగ్గర అటూ ఇటూ పరుగెత్తేవాడు, మోకాళ్లు పైకెత్తి గంతులేసేవాడు. మధ్యలో తలెత్తి నా వైపు బొటనవేలు చూపించేవాడు. అలా ఆట అయిపోయేది. మళ్లీ శుక్రవారం మళ్లీ అదే. ఆటంటే నాకు తెలిసిందల్లా ఎవరూ ఆడనివ్వని ఈ మనిషి వార్మప్ ఒక్కటే. అతను కనబడుతున్నంతసేపూ ఆడటం లేదని అర్థం. కనబడకుండా పోతేనే ఆడుతున్నట్టు. మనిషి కనబడకూడదని కోరుకుంటూ కూర్చోవడం నాకు అదే మొదలు.

ఒక శుక్రవారం ఓర్చుకోలేకపోయాను. లేచి నిలబడి, "దింపుండ్రయ్యా ఆయన్ను, ఎన్నాళ్లు ఉరికిస్తరు?" అని అరిచాను. ఖాళీ మైదానం కదా, గొంతు అక్కడిదాకా పోయింది. పసుపు చొక్కాలన్నీ ఒక్కసారి తలెత్తి చూశాయి. కింది అంతస్తు ముసలావిడ తలుపు తీసి, అంతా బాగేనా అని అడిగింది. మర్నాడు అతను నేనేమన్నానో చెప్పించుకుని పడీపడీ నవ్వాడు. ఈ సీజన్లో తన కోసం అరిచింది నేనొక్కణ్ణేనన్నాడు.

అక్టోబరు వచ్చింది. చీకటి తొందరగా పడుతోంది, మళ్లీ ఇళ్లకు తాళాలేస్తారని వార్తలు. సొంత మైదానంలో ఇంకొక్క మ్యాచే మిగిలిందని అతను చెప్పాడు. ఆ మ్యాచ్ రాత్రి సన్నటి వాన పడుతోంది. నేను దుప్పటి కప్పుకుని కూర్చున్నాను. దీపాల వెలుగులో ఆ మూల గడ్డి మరీ పచ్చగా కనబడుతోంది. అతను ఎప్పట్లాగే పరుగెత్తుతున్నాడు. ఆట ముగింపు దగ్గరపడింది. స్టాండు వెనకనుంచి ఎవరో పిలిచారు. అతను ఆగాడు. పిలిచింది తననేనా అన్నట్టు గుండె మీద వేలు పెట్టి చూపించాడు. పసుపు చొక్కా తల మీదుగా లాగి పారేశాడు.

నేను లేచి నిలబడ్డాను. అతను నా వైపు తిరిగి, చెయ్యి ఎత్తి, "వస్త!" అని కేక వేశాడు. స్పష్టంగా వినబడింది. తర్వాత స్టాండు చాటుకు పరుగెత్తిపోయాడు.

మా భాషలో అన్నాడో వాళ్ల భాషలో అన్నాడో నాకు తెలియదు. ఎప్పుడూ అడగలేదు.

మిగిలిన ఆటంతా నాకు ఖాళీ గడ్డి తప్ప ఏమీ కనబడలేదు. వినబడింది మాత్రం అంతా. అంతకుముందు ఆ మైదానంలో వినని గొంతు ఒకటి, లోతైనది, ఆగకుండా అరుస్తోంది. వెనక్కి రమ్మంటోంది, ఎడమకు జరగమంటోంది, వదలమంటోంది, బంతి నాది నాదంటోంది. మా బాల్కనీలో అంత మెత్తగా మాట్లాడే మనిషికి అంత గొంతుందని నాకు తెలియదు. ఆ గొంతు ఆగినప్పుడల్లా నా ప్రాణం పోయేది. మోకాలు, మోకాలు అనుకునేవాణ్ణి. మళ్లీ అరిచేవాడు. నేను మళ్లీ ఊపిరి పీల్చేవాణ్ణి. దేవుణ్ణి తలుచుకున్నానని చెప్పడానికి సిగ్గులేదు.

విజిల్ ఊదారు. ఎవరు గెలిచారో నాకు తెలియలేదు, పట్టలేదు కూడా. అందరూ అటువైపు నుంచి లోపలికి పోతుంటారు కాబోలు, నా మూల ఖాళీగానే ఉంది. లోపలికి వెళ్దామని దుప్పటి మడుస్తున్నాను. అప్పుడు స్టాండు చాటునుంచి వచ్చాడు. పరుగెత్తలేదు. నడుచుకుంటూ, కొంచెం కుంటుతూ, మైదానం అడ్డంగా కార్నర్ జెండా దాకా వచ్చాడు. అక్కడ నిలబడి, తలెత్తి నన్ను చూసి, రెండు చేతులతో తన కాళ్లను చూపించాడు. ఆ వానలో నేను చప్పట్లు కొట్టాను. ఒక్కణ్ణే కదా, చాలా చిన్న చప్పుడు. అతను అవి ఆగేదాకా నిలబడ్డాడు.

తర్వాత వారం గోడ నిశ్శబ్దంగా ఉంది. మోకాలు వాచింది. క్లబ్బు చాలా మర్యాదగా, కొత్త కాంట్రాక్టు లేదని చెప్పింది. అతను కూడా అడగలేదట. కారులో సామాను వేసుకుని, ఓడెక్కి వాళ్ల ఊరు పోతానన్నాడు. అన్నగారి డెయిరీ లారీలకు మనిషి కావాలట.

వెళ్లేరోజు పొద్దున తలుపు కొట్టి, నాలుగడుగులు వెనక్కి వెళ్లి కారిడార్లో నిలబడ్డాడు. ఇద్దరికీ మాస్కులు. చేతులు కలపడానికి లేదు. అన్ని నెలల్లో అద్దం అడ్డం లేకుండా అతన్ని నిలువెత్తునా చూడటం అదే మొదలు. నా డబ్బా నేల మీద పెట్టి నా వైపు జరిపాడు. అందులో ఆ మ్యాచ్ రోజు తన ఒంటి మీదున్న చొక్కా, మడతపెట్టి ఉంది. ఏదో ఒకటి అనాలి కనుక, మా పద్ధతి మరిచిపోవద్దు, వెళ్లేటప్పుడు ‘వస్త’ అనాలని గుర్తుచేశాను.

అతను తల అడ్డంగా ఊపాడు.

"ప్రతి ఊళ్లోనూ మళ్లీ వస్తానని చెప్పే వచ్చాను. ఎక్కడికీ తిరిగి వెళ్లలేదు. నీకు ఆ అబద్ధం చెప్పను." ఆగి, "ఉంట," అన్నాడు.

"పోయిరా," అన్నాను. ఉన్నవాడు పోయేవాడికి చెప్పేది అదే. దాని అర్థమేమిటని ఈసారి అడగలేదు. ఒక్కో మెట్టూ దిగుతూ పోయాడు. కుంటుకాలి అడుగు కింది తలుపు దాకా వినబడింది.

ఆ మధ్యాహ్నం మీటింగులో కూర్చున్నాను. గోడ పలకలేదు. నేను రోజూ వాయించి ఆపించిన చప్పుడు శాశ్వతంగా ఆగిపోతే ఎలా ఉంటుందో అప్పుడు తెలిసింది. మీటింగు మధ్యలోనే ఇంటికి వీడియో ఫోను చేశాను. హన్మకొండలో సాయంత్రం, వంటవేళ. మా ఆవిడ పొయ్యి దగ్గరుంది. తిన్నవా అంది. తిన్న అన్నాను. పాప వచ్చి బై బై బై అని పోయింది. విమానాల సంగతి ఏమన్నా తెలిసిందా అంటే ఇంకా లేదన్నాను. మాటలయిపోయాయి.

"ఉంట మరి," అంది.

"పెట్టకు," అన్నాను. "మాట్లాడకున్నా మంచిదే. నీ పని నువ్వు చేస్కో. ఫోనైతే పెట్టకు."

మా ఆవిడ ఫోనును బియ్యం డబ్బాకు ఆనించి పెట్టింది. కాసేపటికి అది జారి వెల్లకిలా పడింది. మనుషులెవరూ కనబడలేదు, తిరుగుతున్న ఫ్యాను రెక్కలు తప్ప. కుక్కరు కూత వేసింది. మా ఆవిడ పాపను పిలిచింది, నీళ్లు తెమ్మంది, చెయ్యి కాలుతుంది జాగ్రత్త అంది, మళ్లీ పిలిచింది. నేను లాప్‌టాప్ మూసి, ఫోను చెవికి ఆనించుకుని, ఆ గొంతు ఆగినప్పుడల్లా ఊపిరి బిగబట్టుకుని కూర్చున్నాను.